చెట్ల మీద కూడా పడుతోందా?

మా అత్తగారు బతికున్నన్నాళ్లూ నా ఉద్యోగం గురించి బంధువులకు ఒకే మాట చెప్పేది: "మా కోడలు అమెరికాలో కార్ల అద్దాలు తుడుస్తుంది." ఒకసారి కూర్చోబెట్టి వివరంగా చెప్పాను. కారు ముందద్దం వెనక చిన్న కెమెరా ఉంటుందనీ, అది రోడ్డునూ మనుషులనూ కనిపెట్టి చూస్తూ అవసరమైతే తనే బ్రేకు వేస్తుందనీ, మంచు కురిసేటప్పుడు ఆ రేకలను చూసి బెదిరిపోయి ఉత్తపుణ్యానికి బ్రేకు వేసేస్తుందనీ, కెమెరా చూసే బొమ్మలోంచి ఆ మంచును చెరిపెయ్యడమే నా పని అనీ చెప్పాను. అంతా ఓపిగ్గా విని, "అదేగా నేనూ చెప్పేది" అంది. ఆలోచిస్తే ఆవిడ తప్పేం చెప్పలేదు.

రిటైరై మిషిగన్‌లోని నోవైలోనే ఉంటున్నాను. పుట్టినరోజు పార్టీల్లో ఉద్యోగాల్లో కొత్తగా చేరిన పిల్లలు ప్లేటు పట్టుకుని నా పక్కన చేరి, "ఆంటీ, మీ కెరీర్‌లో బిగ్గెస్ట్ చాలెంజ్ ఏంటి?" అని అడుగుతుంటారు. ఏదో ఒకటి చెప్పి పులిహోర తింటాను. అసలు జవాబు పార్టీలో చెప్పేది కాదు. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

మా ఇంజినీర్ల భాషలో మంచు పేరు నాయిస్, బొమ్మను పాడుచేసే చెత్త. మా డైరెక్టర్ మిషిగన్‌లో పుట్టి పెరిగినవాడు. పొద్దున్నే ఇంటి ముందు మంచంతా పారతో ఎత్తిపోసి, నడుం పట్టుకుని ఆఫీసుకు వచ్చి, ఆ కోపమంతా మీటింగులో చూపించేవాడు. నాకు మంచంటే కోపమూ లేదు, ఇష్టమూ లేదు. కిటికీ బయట కురుస్తున్నప్పుడు కూడా నేను స్క్రీన్ మీద కురిసేదాన్నే చూసేదాన్ని. అది చెరిగిపోతే సంతోషించి ఇంటికి వెళ్లేదాన్ని.

మా టీములో అందరూ 'అన్న' అని పిలిచే మనిషి ఒకాయన ఉండేవాడు. యాభై దాటిన వయసు, సీసా అడుగులాంటి కళ్లద్దాలు, సింగరేణి గనుల దగ్గరి కార్మికుల కాలనీలో పుట్టిన మనిషి. అమెరికాకు ఆలస్యంగా వచ్చాడు, గ్రీన్ కార్డు లైన్లో ఎక్కడో చివర ఉన్నాడు. నాకంటే కొన్నేళ్లు చిన్న. మొదట్లో మేడం అనేవాడు, నా డబ్బాలోని గోంగూర రుచి చూశాక అక్క అన్నాడు.

అన్న పని వినడానికి చాలా తేలిక. టెస్ట్ కారు తిరిగి వచ్చాక అది తీసిన వీడియోలు ముక్కలు ముక్కలుగా ఆయన ముందుకు వస్తాయి. ఒక్కో ముక్క చూసి, ఇందులో మంచు పడుతోందా లేదా, పడితే ఎంత దట్టంగా పడుతోంది అని గుర్తు పెట్టాలి. మా ప్రోగ్రాం చెప్పిన జవాబును ఆయన గుర్తుతో పోల్చి చూస్తాం. రెండూ కలవకపోతే తప్పు ప్రోగ్రాందే. మనిషి కన్ను చెప్పిందే సత్యం అనేది మా ఆఫీసులో రూలు.

ఒక్కో ముక్క చూడ్డానికి కొన్ని క్షణాలు చాలు. అన్న మాత్రం బొమ్మ చూసినట్టు చివరిదాకా చూసేవాడు. బాగా నచ్చితే అందర్నీ పిలిచేవాడు. "ఇటు రాండ్రి, ఇది చూడుండ్రి. ఎట్ల తిరుక్కుంట దిగుతుందో." పని వదిలి వచ్చినందుకు నేను విసుక్కుంటే నవ్వేవాడు. "అక్కా, వాన లొల్లి చేస్కుంట వస్తది. ఇది చూడు, ఎవర్నీ లేపకుండ ఇంట్లకొచ్చినట్టు వస్తది. మా నాయిన నైట్ షిఫ్ట్ దిగి పొద్దుగాల గట్లనే వస్తుండె. చెప్పులు చేతిల పట్టుకొని వచ్చి, మా పక్కన పండేటోడు. లేచి చూస్తే పక్కల నాయిన ఉండేటోడు."

ఒకసారి మంచు పడుతుంటే నన్ను బలవంతంగా పార్కింగ్ లాట్‌లోకి తీసుకెళ్లాడు. "మంచు తెల్లగుంటదని ఎవరన్నరు అక్కా? తల పైకెత్తి చూడు." చూశాను. మబ్బు పట్టిన ఆకాశం ముందు ఒక్కో రేకా నల్లగా కనిపిస్తోంది, బొగ్గు నుసి రాలినట్టు. "ఇప్పుడు ఆ పైన్ చెట్ల దిక్కు చూడు." అవే రేకలు చెట్ల ముందుకు దిగేసరికి తెల్లగా అయిపోయాయి. అన్నేళ్లు మంచుతో జీతం తీసుకున్నాను, ఈ సంగతి నా కంట పడలేదు. "మా కాలనీల ఆరేసిన బట్టల మీద నల్లది పడేది. ఈడ తెల్లది పడ్తది. రెండు గూడ పైన నల్లగనే ఉంటయి" అన్నాడు. ఆయనకు అదొక పెద్ద విశేషం. నాకు చలేసి లోపలికి వచ్చేశాను.

టీములో ఒక అమ్మాయి ఉండేది. చదువు పూర్తవగానే ఉద్యోగం దొరక్క తిరుగుతుంటే అన్నే తీసుకొచ్చి మా దగ్గర చేర్పించాడు. అన్న పెట్టిన గుర్తులన్నీ ఒకచోట చేర్చి నాకు పంపడం ఆ అమ్మాయి పని. అన్నంటే ప్రాణం పెట్టేది. అన్న భార్య మధ్యాహ్నానికి రెండు డబ్బాలు పంపేది, ఒకటి ఈ పిల్లకే. ఆ ఏడాది ఎండాకాలమంతా, పోయిన చలికాలం తీసిన వీడియోల మీద పని నడుస్తుంటే, మా ఫలితాలు అద్దంలా వచ్చాయి. డైరెక్టర్ కూడా నవ్వడం మొదలుపెట్టాడు.

చలి మొదలయ్యే రోజుల్లో ఆ అమ్మాయి వీసా స్టాంపింగ్‌కి హైదరాబాద్ వెళ్లింది. వారంలో వచ్చేస్తానన్న పిల్ల పాస్‌పోర్టు అక్కడి కాన్సులేట్‌లోనే ఇరుక్కుపోయింది. అన్న గుర్తులు నేరుగా నాకే రావడం మొదలైంది. రాగానే మా ప్రోగ్రాం ఘోరంగా ఫెయిలైంది. మంచు పడుతోందని అన్న గుర్తు పెట్టిన ముక్కల్లో, అసలేమీ పడటం లేదని ప్రోగ్రాం చెబుతోంది. రూలు ప్రకారం తప్పు ప్రోగ్రాందే. డైరెక్టర్ మొహం మళ్లీ పాత మొహమైంది. కెమెరాలు మార్చాం, కోడంతా తిరగేశాం.

చివరికి ఒక పొద్దున నేనే కూర్చుని ఆ వీడియోలు చూశాను. పొడి రోడ్డు, మబ్బు పట్టిన ఆకాశం. ఎంతసేపు చూసినా మంచు లేదు. ఇంకోటి చూశాను, అదీ అంతే. అన్న తప్పుగా గుర్తు పెట్టిన ముక్కలన్నిటిలో పెద్ద ఆకాశం ఉంది. రెండు వైపులా దట్టంగా చెట్లున్న రోడ్ల మీద ఆయన గుర్తు ఒక్కటీ తప్పలేదు. ఎందుకో అర్థం కాలేదు.

వెంటనే హైదరాబాద్‌లో ఉన్న అమ్మాయికి ఫోన్ చేశాను. అన్న గుర్తుల్లో ఇన్ని తప్పులు ఎప్పుడైనా చూశావా అని అడిగాను. ఫోన్లోనే ఏడుపు మొదలుపెట్టింది.

"నేనే కరెక్ట్ చేసేదాన్ని మేడం. రోజూ మీకు పంపే ముందు మొత్తం మళ్లీ చూసి కరెక్ట్ చేసి పంపేదాన్ని."

"ఎప్పట్నుంచి?"

"సమ్మర్ నుంచి. అన్న టెన్షన్‌లో ఉన్నాడనుకున్నా. గ్రీన్ కార్డ్, పాప కాలేజ్ ఫీజు, అవన్నీ. మీకు తెలిస్తే అన్న కాంట్రాక్ట్ పోతుందని భయమేసింది."

"అన్నతో చెప్పావా?"

"ఎట్లా చెప్పను మేడం? నన్ను జాబ్‌లో పెట్టిందే అన్న. మీరు తప్పు చేస్తున్నారని నేనెట్లా అంటాను?"

ఆ పిల్లను తిట్టడానికి నోరు రాలేదు. మనవాళ్లలో ఎవరున్నా అదే చేస్తారు. పెద్దవాడి తప్పు కనబడితే పక్కకు తిరిగి, ఆయన చూడకుండా సరిచేసి, మళ్లీ యథాప్రకారం నమస్కారం పెడతాం. గౌరవమంటే అదేనని మనకు ఎవరూ చెప్పక్కర్లేకుండానే అబ్బింది.

అన్న సీట్లో లేడు. ఆ రోజు మధ్యాహ్నం మంచు పడుతుందని ఫోర్‌కాస్ట్ ఉంది. టెస్ట్ కారు దగ్గర ఉంటాడని పార్కింగ్ లాట్‌లోకి వెళ్లాను. కారుకు ఆనుకుని, తల పైకెత్తి నిలబడి ఉన్నాడు. నా అడుగుల చప్పుడు విని, ఇటు తిరక్కుండానే చెయ్యి ఊపాడు.

"మంచి టైంకొచ్చినవ్ అక్కా. ఇప్పుడే షురువైంది. చూడు, ఎంత నిమ్మళంగ దిగుతుందో."

గ్లవ్ తీసేసి అరచెయ్యి చాపాడు.

నేను పైకి చూశాను. బూడిదరంగు ఆకాశం తప్ప ఏమీ లేదు. ఆయన అరచేతిలోకి చూశాను. పొడిగా ఉంది. నా కోటు మీద, కారు మీద, నేల మీద ఎక్కడా ఒక్క చుక్క లేదు. ఆయన మొహంలో మాత్రం చిన్నపిల్లాడి సంతోషం.

పొద్దున చూసిన వీడియోలు గుర్తొచ్చాయి.

"ఆ చెట్ల మీద కూడా పడుతోందా?" అన్నాను.

చెట్ల వైపు తిరిగాడు. చాలాసేపు చూశాడు. చాపిన చెయ్యిని రెండో చేత్తో తడిమి చూసుకున్నాడు. ఆయనకు తెలిసిపోయిందని నాకు తెలిసింది.

"చెట్ల మీద లేదు" అన్నాడు మెల్లగా.

"ఇక్కడా లేదు తమ్ముడూ. ఎక్కడా పడటం లేదు."

అంతకుముందు ఆయన్ను తమ్ముడని ఎప్పుడూ పిలవలేదు.

నా కార్లో కూర్చోబెట్టి అడిగితే ఒక్కొక్కటీ బయటికొచ్చింది. ఎండాకాలంలోనే కంట్లో నల్ల చుక్కలు మొదలయ్యాయట. అప్పుడప్పుడూ మూలన మెరుపులు. తగ్గేవి, మళ్లీ వచ్చేవి. స్క్రీన్ ఎక్కువ చూసినందుకనుకున్నాడు. చుక్కలు మాత్రం ఆకాశం ముందే కనిపించేవి, చెట్ల నలుపులో కలిసిపోయేవి. డాక్టర్‌కు చూపించుకోలేదా అంటే, నేను ఊహించిన జవాబే చెప్పాడు.

"డిసెంబర్‌ల టికెట్లు బుక్ చేసిన గద అక్కా. హైదరాబాద్ పోయినప్పుడు చూపించుకుందామనుకున్న. ఈడ చూపిస్తే బిల్లొకటి, ఆఫీసుల తెలుస్తదని ఒకటి."

పళ్లూ కళ్లూ మోకాళ్లూ అన్నీ ఇండియా వెళ్లేదాకా ఆగాలి మనకు. చెయ్యి విరిగితే తప్ప ఇక్కడ డాక్టర్ గడప తొక్కం. నేనూ అంతే.

"ఏ కంట్లో?"

"ఎడమ దాంట్ల. కుడిది చిన్నప్పుడే పోయింది. చిర్రగోనె ఆడుతుంటె కట్టె ముక్క ఎగిరొచ్చి తాకింది."

ఏళ్ల తరబడి ఎదురుగా కూర్చుని అన్నం తిన్నాం. ఒంటికంటితో పనిచేస్తున్నాడని మాలో ఒక్కరికీ తెలియదు. డ్రైవింగ్ లైసెన్స్ ఇచ్చినవాళ్లకు తెలుసట. మనవాళ్లకే చెప్పలేదు. కన్ను చెప్పిందే సత్యం అనే ఆఫీసులో కళ్ల మీద బతికేవాడు కన్ను పోయిందని ఎలా చెబుతాడు? ఉద్యోగం పోతే వీసా పోతుంది, రెండు నెలల్లో సామాన్లు సర్దుకోవాలి. కూతురు హైస్కూలు చివరి ఏడాదిలో ఉంది.

ఆయన భార్యకు ఫోన్ చేసి ఆసుపత్రికి రమ్మని చెప్పి, కారు హైవే ఎక్కించాను. సగం దూరం వెళ్లేసరికి నిజం మంచు మొదలైంది. ముందు చిన్న చిన్న రేకలు, తర్వాత దట్టంగా. వైపర్లు వేశాను. కార్లన్నీ మెల్లబడ్డాయి.

"ఇప్పుడు పడ్తుంది గద?" అన్నాడు.

"పడుతోంది."

"నిజంగనేనా?"

"నిజంగానే. చెట్ల మీద కూడా."

సీటుకు తల ఆనించి అద్దంలోంచి చూస్తూ ఉన్నాడు. "రెండు గూడ పడ్తున్నయి అక్కా. ఏది నాదో, ఏది దేవునిదో తెలుస్త లేదు." మళ్లీ తనే, "పొద్దటి నుంచి పక్కకు పరద లెక్క వస్తున్నది. చెప్పలే నీకు" అన్నాడు. ఆ దారంతా ఆయన మాట్లాడుతూనే ఉన్నాడు, అద్దం మీద వాలిన రేక ఎలా కరుగుతుందో, రెండు రేకలు ఎలా అతుక్కుంటాయో చెబుతూనే ఉన్నాడు. గబగబా చూసేసుకుంటున్నాడని నాకు అర్థమైంది. బాధ ఆపుకోలేక వైపర్ల స్పీడు పెంచాను. "జర మెల్లగ తుడువ్ అక్కా" అన్నాడు. తగ్గించాను.

కంటి లోపలి పొర, రెటీనా, చిరిగి, అక్కణ్నుంచి ఊడిపోతూ వచ్చిందని డాక్టరు చెప్పింది. చుక్కలు కనిపించిన మొదటి రోజుల్లో వచ్చుంటే లేజర్‌తో అతికించి అదే రోజు ఇంటికి పంపేదాన్నంది. ఆ మాట ఇంగ్లిష్‌లో విని, ఆయన భార్యకు తెలుగులో చెప్పాల్సిన పని నా మీద పడింది. ఉద్యోగంలో నేను చాలా ప్రెజెంటేషన్లు ఇచ్చాను. అంత కష్టమైన వాక్యం ఇంకోటి చెప్పలేదు. ఆవిడ విని, "ఎండకాలంలనే నాకు చెప్పిండు వదినా. టికెట్లు నేనే బుక్ చేయించిన" అని నేల మీద కూర్చుండిపోయింది.

ఆపరేషన్ చేశారు. మళ్లీ చేశారు. ఆ పొర అతుక్కోవాలని డాక్టరు చెబితే రోజుల తరబడి బోర్లా పడుకున్నాడు. కన్ను నిలిచింది గానీ చూపు నిలవలేదు. లైటు వేస్తే వేసినట్టు తెలుస్తుంది, అంతే.

డైరెక్టర్ ఆసుపత్రికి వచ్చి, కోటు విప్పకుండా ఒక మూల కూర్చుని వెళ్లిపోయాడు. ఆ చలికాలమంతా మంచు పడిన ప్రతి పొద్దునా తన ఇంటి ముందు ఎత్తిపోశాక అన్న ఇంటికి వెళ్లి అక్కడ ఎత్తిపోసేవాడు. అన్న లోపల్నుంచి పార చప్పుడు విని, "డైరెక్టర్ సార్ వచ్చిండు, అంటే రాత్రి పడ్డట్టే" అనేవాడట.

అమ్మాయి పాస్‌పోర్టు ఆలస్యంగా వచ్చింది. తిరిగొచ్చాక అన్న ఇంటి గుమ్మం దాకా వెళ్లి, బెల్ కొట్టలేక కార్లో కూర్చుంటే నేనే చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్లాను. అన్న దాని తల నిమిరి, "నువ్వు దిద్దిన సంగతి నాకెందుకు చెప్పలే బిడ్డా" అని మాత్రం అన్నాడు. గొంతులో కోపం లేదు. కోపం ఉంటే ఆ పిల్ల తట్టుకునేదేమో.

పిల్లలూ, మీరు అడిగే చాలెంజ్ ఇదే. మీ పక్కనున్న మంచి మనిషి ఉన్నట్టుండి తప్పులు చేస్తుంటే, ప్రేమకొద్దీ రహస్యంగా సరిచెయ్యకండి. వెళ్లి మొహం మీద అడగండి. ఆయన నొచ్చుకుంటే నొచ్చుకోనివ్వండి. ఇండియా టికెట్ల దాకా కంటిని ఆగమనకండి. ఇంతకంటే పెద్ద సలహాలు నా దగ్గర లేవు.

కాంట్రాక్టు ముగిసింది. కూతుర్ని ఇక్కడ యూనివర్సిటీలో చేర్పించి, భార్యాభర్తలు వరంగల్ వెళ్లిపోయారు. మా ప్రోగ్రాం పూర్తయింది, కార్లలోకి వెళ్లింది. డెమో రోజున స్క్రీన్ మీద కురుస్తున్న మంచు మొత్తం మాయమై రోడ్డు శుభ్రంగా కనబడితే అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. ఇంటికి వచ్చి ఏడ్చాను.

అప్పట్నుంచి ప్రతి చలికాలం అన్న దగ్గర్నుంచి ఫోన్ వస్తుంది. హలో కూడా ఉండదు. "పడ్తుందా అక్కా?" మొదటిసారి నేను, "పడుతోంది, రాత్రికి ఆరంగుళాలు అంటున్నారు" అన్నాను. నవ్వాడు. "వెదర్ రిపోర్ట్ అడగలే. ఎట్ల పడ్తుందో చెప్పు." అన్నేళ్లు దాన్ని ఎలా చెరపాలో నేర్చుకున్నానే గానీ ఎలా ఉంటుందో చూడనే లేదు. కిటికీ దగ్గర నిలబడి, చూసి, తడుముకుంటూ చెప్పాను. ఏటేటా కాస్త నేర్చుకున్నాను. పెద్ద రేకలు తొందర లేకుండా ఊగుతూ వస్తాయనీ, చిన్నవి ఏదో పనున్నట్టు దిగుతాయనీ, గాలి ఆగిన క్షణంలో అన్నీ ఒక్కసారి నిటారుగా రాలతాయనీ చెప్పేదాన్ని. ఇవన్నీ ఆయన వీడియోలు చూపించి నాకు చెప్పినవే. నేను మళ్లీ ఆయనకు అప్పజెబుతున్నాను.

మొన్నటి చలికాలం నోవైలో మంచు సరిగా పడలేదు. డిసెంబర్ పొడిగా గడిచింది. ఒక సాయంత్రం ఫోన్ మోగింది.

"పడ్తుందా అక్కా?"

కిటికీలోంచి చూశాను. పొడి రోడ్డు, బూడిదరంగు ఆకాశం, వెనకాల నల్లగా పైన్ చెట్లు. పడుతోందని చెబితే ఎవరికి తెలుస్తుంది? నోటి చివరిదాకా వచ్చింది. ఎలా వర్ణించాలో కూడా ఇప్పుడు నాకు వచ్చు. కానీ ప్రేమకొద్దీ దాచిన నిజం ఒకసారి ఆయన్ను ఎక్కడికి చేర్చిందో గుర్తొచ్చింది.

"లేదు తమ్ముడూ. ఇవాళ పడటం లేదు."

చిన్నబుచ్చుకున్నాడేమో అనుకున్నాను.

"ఏం గాదు. నా దిక్కు పడ్తుంది. నేను చెప్త, నువ్వు చూడు" అన్నాడు.

చెప్పడం మొదలుపెట్టాడు. పార్కింగ్ లాట్, టెస్ట్ కారు, ఎవర్నీ లేపకుండా దిగి వస్తున్న రేకలు. నేను ఫోన్ చెవికి పెట్టుకుని పొడి ఆకాశాన్ని చూస్తూ నిలబడ్డాను. మెల్లగా అడిగాను.

"చెట్ల మీద కూడా పడుతోందా?"

"చెట్ల మీద గూడ అక్కా. తెల్లగ."